జాకో పాస్టోరియస్: ‘ఇన్విటేషన్’, ‘ద బర్త్‌డే కాన్సర్ట్’

ఫ్రెట్లు (మెడపై స్వరస్థానాలను విడదీసే లోహపు పట్టీలు) లేని బేస్ గిటార్‌ను వాద్యబృందం ముందు వరుసలోకి తెచ్చిన అమెరికన్ జాజ్ వాద్యకారుడు జాకో పాస్టోరియస్ నాయకత్వంలో వెలువడిన కచేరీ ఆల్బమ్‌లలో ఈ రెండూ ముఖ్యమైనవి. 1982లో జపాన్ పర్యటనలో రికార్డు చేసిన ‘ఇన్విటేషన్’ 1983లో విడుదలైంది. ఆయన ముప్పయ్యవ పుట్టినరోజున, 1981 డిసెంబరు 1న, ఫ్లోరిడాలోని ఫోర్ట్ లాడర్‌డేల్‌లో జరిగిన కచేరీ మాత్రం ఆయన మరణానంతరం, 1995లో గానీ శ్రోతలకు అందలేదు.

‘ద చికెన్’, ‘కంటిన్యుయమ్’, ‘లిబర్టీ సిటీ’, ‘అమెరికా’ అనే రచనలు రెండింటిలోనూ ఉన్నాయి. డ్రమ్స్‌పై పీటర్ ఎర్‌స్కిన్, లోహపు డ్రమ్ము లాంటి స్వరవాద్యం స్టీల్ పాన్‌పై ఒథెలో మోలినో కూడా రెండింటిలోనూ వినిపిస్తారు. అయితే జపాన్ ఆల్బమ్ పలు కచేరీల నుంచి ఏరి కూర్చినది కనుక బిగువుగా సాగుతుంది. అందులో టూట్స్ థీల్‌మాన్స్ హార్మోనికా మీద పలికించిన ‘సొఫిస్టికేటెడ్ లేడీ’ ఒక్కటే దానిని కొనడానికి తగిన కారణమని నా నమ్మకం. పుట్టినరోజు కచేరీలో మైకేల్ బ్రెకర్, బాబ్ మింట్జర్‌ల శాక్సఫోన్లు ఒకదానినొకటి ఉసిగొల్పుతుండగా, వాటి అడుగున బేస్ ఎక్కడా తొణకకుండా నడవడం నన్ను ఎక్కువగా కట్టిపడేస్తుంది. ‘త్రీ వ్యూస్ ఆఫ్ ఎ సీక్రెట్’ కూడా ఇందులోనే ఉంది. జాకోను తొలిసారి వినేవారికి నేను సూచించేది ఈ రెండవ ఆల్బమ్‌నే.