తెలుగు మ్యాటర్ తప్పుల్లేకుండా పోస్టర్ల మీద పడాలంటే ఈ షాపుకి పోండి

తిరుపతిలో ఫ్లెక్స్ కొట్టే షాపులకి కొదవ లేదు. పుట్టినరోజు, ఓణీల ఫంక్షన్, లీడర్‌కి శుభాకాంక్షలు, ఏదైనా సరే గంటలో చేతిలో పెడతారు. కానీ పేజీల కొద్దీ తెలుగు మ్యాటర్ ఇచ్చి బోర్డుల మీద వేసివ్వమంటే చాలా చోట్ల మొహం చాటేస్తారు. నా పని చేసిపెట్టిన షాపు లీలామహల్ సర్కిల్ నుంచి కొర్లగుంట వైపు పోయే దారిలో, ఒక టీ కొట్టు మేడ మీద ఉంది. ఊరందరికీ బోర్డులు కొట్టే మనిషి సొంత బోర్డు ఎండకి వెలిసిపోయి పేరు సగమే కనిపిస్తుంది, కింద టీ కొట్టులో అడిగితే చూపిస్తారు.

సెప్టెంబర్ ఆఖర్లో వచ్చే బధిరుల వారోత్సవాలకి మేం కొందరం కలిసి వినికిడి లేని పిల్లల కోసం చిన్న ప్రదర్శన పెట్టాం. అందులో నా వంతుకి వచ్చినవి విలియం హోయ్ అనే పాతకాలం అమెరికన్ బేస్‌బాల్ ఆటగాడి మీద బోర్డులు. మనూళ్లో బేస్‌బాల్ ఎవరికి కావాలి, ఒక క్రికెటర్‌ని వేసుకోక అని మా గ్రూపులోనే సణిగారు. మూడేళ్ల వయసులో మెదడువాపు లాంటి జబ్బుతో వినికిడి పోయి, అయినా 1888 నుంచి 1902 దాకా పెద్ద లీగుల్లో ఔట్‌ఫీల్డర్‌గా, అంటే మైదానం చివర్లో కాచే ఫీల్డర్‌గా, నిలబడ్డ మనిషి కథ ఈ పిల్లలకి కాకపోతే ఇంకెవరికి చెప్తాం? టీటీడీ వాళ్ల బధిర పాఠశాల ఉన్న ఊరిది.

ఇక షాపు సంగతి. నేను మొదట వేరే చోట ఇచ్చాను, పేరెందుకు లెండి. నేను వాట్సాప్‌లో పంపిన యూనికోడ్ మ్యాటర్‌ని వాళ్లు అలాగే తీసి కోరల్‌డ్రా అనే డిజైన్ సాఫ్ట్‌వేర్‌లో అతికించారు, ఒత్తులన్నీ ఊడి పక్కకు పడ్డాయి, అడిగితే "దూరం నుంచి ఎవరు చదువుతారు మేడమ్" అన్నారు. ఈ షాపు డిజైనర్ అబ్బాయి మాత్రం మ్యాటర్ చూడగానే "ఇది మళ్లీ అనులో కొట్టాల్సిందే అక్కా, కన్వర్టర్‌ని నమ్మితే క్షలూ జ్ఞలూ పోతాయి" అని కూర్చుని, డీటీపీ వాళ్లు వాడే ఆ అను తెలుగు ఫాంట్లలో మొత్తం టైప్ చేశాడు. దానికి విడిగా డబ్బులు తీసుకున్నాడు, న్యాయమే. హెడ్డింగులకి మాత్రం పెళ్లి కార్డు మీద వేసే మెలికల ఫాంటు పెట్టాడు, బతిమాలి మార్పించాల్సి వచ్చింది.

ఫోటో విషయంలో అతను చెప్పిన మాట విని మంచి పని చేశాను. హోయ్ బొమ్మ ఉన్న పాత సిగరెట్ కార్డు ఒకటి నెట్‌లో దొరికింది. అప్పట్లో ఆటగాళ్ల ఫోటోలు స్టూడియోలో తీసి, చిన్న కార్డుల మీద వేసి సిగరెట్ ప్యాకెట్లలో పెట్టేవాళ్లు. దాన్ని రెండడుగులకి సాగదీయమన్నాను. అతను స్క్రీన్ మీద జూమ్ చేసి మొహం అంతా గళ్లు గళ్లుగా విడిపోవడం చూపించి, కార్డుని మూలన చిన్నగా పెట్టి, మిగతా చోటంతా మైదానం బొమ్మకి వదిలేద్దామన్నాడు.

ఆ బొమ్మ దగ్గరే అసలు మజా. 1889 జూన్ 19న వాషింగ్టన్ జట్టుకి ఆడుతూ హోయ్ ఒకే మ్యాచ్‌లో ముగ్గురు రన్నర్లని ఔట్‌ఫీల్డ్ నుంచి బంతి విసిరి హోమ్ ప్లేట్ దగ్గర ఔట్ చేయించాడు, అక్కడ బంతి అందుకున్న క్యాచర్ పేరు కానీ మాక్ (Connie Mack). హోమ్ ప్లేట్ అంటే బ్యాటర్ నిలబడే చోటు, పరుగు పూర్తయ్యేదీ అక్కడే. డీప్ మిడ్‌వికెట్ నుంచి నేరుగా కీపర్ చేతుల్లోకి విసిరి మూడు రనౌట్లు చేసినట్టు అనుకోండి. డిజైనర్ బాణం గుర్తుని ఫస్ట్ బేస్ (రన్నర్ మొదట చేరాల్సిన చోటు) వైపు గీశాడు. ప్రూఫ్ చూడ్డానికి నాతో వచ్చిన పదో తరగతి అబ్బాయి, వినపడదు, సాఫ్ట్‌బాల్ ఆడతాడు, స్క్రీన్ మీద వేలు పెట్టి ఆ బాణాన్ని అడ్డంగా కొట్టేసి, ఔట్‌ఫీల్డ్ నుంచి హోమ్ దాకా ఒక గీత లాగాడు, మళ్లీ లాగాడు. డిజైనర్ నా వైపు చూడకుండా మౌస్ వాడి చేతికే ఇచ్చాడు. ఒక స్టార్ ఎక్కువ ఇస్తున్నది దీనికే.

రెండో గొడవ హెడ్డింగు మీద. డిజైనర్ ఎక్కడో చదివి "అంపైర్ సైగలు కనిపెట్టిన వీరుడు" అని పెద్దక్షరాల్లో వేసేశాడు. ఈ మాట చాలా చోట్ల తిరుగుతోంది గానీ గట్టి ఆధారం లేదు. నిలబడే సంగతి ఇంకోటుంది: బంతి స్ట్రయికో (బ్యాటర్‌కి నష్టంగా లెక్కపడే బంతి) కాదో అంపైర్ అరిచి చెప్తే హోయ్‌కి వినపడదు, వెనక్కి తిరిగి అడిగేలోపే పిచర్ (మన బౌలర్ లాంటివాడు) తర్వాతి బంతి వేసేసేవాడు, అందుకని థర్డ్ బేస్ దగ్గరున్న కోచ్‌ని చెయ్యెత్తి చూపించమన్నాడు. నాకైతే లేని కిరీటం కన్నా ఇదే బాగుంది, ఇబ్బంది ఎక్కడుందో కనిపెట్టి దానికి తనే దారి వేసుకున్నాడు. ఫీల్డింగ్‌లోనూ అంతే, సెంటర్ ఫీల్డ్‌లో బంతి తను పట్టబోతుంటే గొంతుతో ఒక కీచు శబ్దం చేసేవాడు, అది వినపడితే పక్కవాళ్లు తప్పుకోవాలి. హెడ్డింగు మార్చమంటే "పంచ్ పోతుంది అక్కా" అని గింజుకున్నాడు, చివరికి మార్చాడు.

మిగతా బోర్డులు సాఫీగా అయిపోయాయి. ఒహాయోలో పల్లెటూరు, కొలంబస్‌లో బధిరుల బడి, ఆ తర్వాత చెప్పులు బాగుచేసే కొట్టు, అక్కణ్నుంచి ఆట. 1888లో తొలి సీజన్‌లోనే 82 బేస్‌లు స్టీల్ చేసి, అంటే హిట్ కోసం ఆగకుండానే తర్వాతి బేస్‌కి పరుగెత్తి, నేషనల్ లీగ్‌లో మొదటి స్థానం. అంకెల ప్రూఫ్‌లో 82 కాస్తా 28 అయింది, ఆ పదో తరగతి అబ్బాయి కళ్లు చురుకు కాబట్టి దొరికింది, మీరు మాత్రం అంకెలు మీరే చూసుకోండి. కెరీర్ మొత్తమ్మీద 2 వేలకు పైగా హిట్లు. 1902 మే 16న సిన్సినాటికి ఆడుతూ న్యూయార్క్ పిచర్ లూథర్ టేలర్‌ని ఎదుర్కొన్నాడు, టేలర్ కూడా బధిరుడే, ఆ బోర్డు ముందు పిల్లలు గుంపు కట్టారు. ఆట మానేశాక పాడి పశువుల్ని పెంచుకుంటూ బతికాడు. 1961 అక్టోబర్ 7న సిన్సినాటిలో వరల్డ్ సిరీస్ (బేస్‌బాల్ ఫైనల్ పోటీ) మూడో మ్యాచ్‌కి లాంఛనంగా తొలి బంతి విసిరింది 99 ఏళ్ల హోయే, డిసెంబర్‌లో పోయాడు. ఇంత చేసినా కూపర్స్‌టౌన్‌లో మేటి ఆటగాళ్లని గౌరవించే బేస్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఇంకా చోటివ్వలేదు. ఇది వేస్తే పిల్లలు డీలా పడతారేమో అని మా వాళ్లన్నారు, నేను వేయించాను.

ప్రింటు సన్‌బోర్డు (తేలికపాటి ఫోమ్ షీటు) మీద వినైల్, అంచులు శుభ్రంగా కోశాడు, రంగు ఫోన్‌లో చూసినదాని కన్నా ఒక పిసరు ముదురొచ్చింది. రేటు అడుగు లెక్కన, చుట్టుపక్కల కన్నా కొంచెం ఎక్కువే. చెప్పిన రోజుకి ఇవ్వలేదు, బ్రహ్మోత్సవాల ముందు కదా, స్వాగత బోర్డుల పని నెత్తిన పెట్టుకున్నాడు, మాకు టెన్షన్ మిగిలింది. 5కి 4 ఇస్తాను. ఫోన్ చేస్తే ఎత్తడు, వాట్సాప్‌లో పెట్టండి, రాత్రి షట్టర్ వేశాక జవాబిస్తాడు. కారులో పోతే ఆ సందులో ఆపడానికి చోటుండదు, బోర్డులు పెద్దవైతే ఆటో మాట్లాడుకునే వెళ్లండి.