దొవ్‌జెంకో: ముందు 'భూమి' చూడాలా, 'ష్చోర్స్' చూడాలా?

ఉక్రెయిన్ దర్శకుడు అలెగ్జాండర్ దొవ్‌జెంకో సినిమాలు ఇప్పటిదాకా చూడనివాళ్ళు 1930 నాటి మూకీ 'భూమి'తోనే మొదలుపెట్టండి. రాలిన పళ్ళ మధ్య పడుకున్న ముసలి తాత ఓ పండు కొరికి తిని, నవ్వుతూ కన్నుమూస్తాడు. తర్వాత ఒక రాత్రి ఊరి బాటలో దుమ్ము లేపుతూ ఒక్కడే డాన్స్ చేసుకుంటూ వస్తున్న యువరైతు వాసిల్ ఉన్నట్టుండి కుప్పకూలిపోతాడు, అక్కడ నాకు ఊపిరి ఆగిపోయింది. రైతు కుటుంబంలో పుట్టి, బొమ్మలు గీసి, 1926లో ఒడెస్సా స్టూడియోకి వచ్చిన మనిషి చూపు ప్రతి ఫ్రేములో ఉంది.

'ష్చోర్స్' (1939) రష్యా అంతర్యుద్ధంలో పోరాడిన ఎర్రసైన్యం కమాండర్ ష్చోర్స్ మీద స్టాలిన్ సూచించగా తీసింది, 1941లో స్టాలిన్ బహుమతి కూడా వచ్చింది. మాటలున్నాయి, యుద్ధముంది, కథ తేలిగ్గా అర్థమవుతుంది. మొదట్లో పొద్దుతిరుగుడు పూల మధ్య జరిగే పోరాటంలో మాత్రం పాత దొవ్‌జెంకో కనిపిస్తాడు. అందుకైనా రెండోది కూడా చూడండి, కానీ తర్వాతే.