లూయిష్ మిగెల్ సింత్రా నటించిన చోట్లు: లిస్బన్ నుంచి డోరు లోయ దాకా

లిస్బన్‌లో కోట కొండ కింద మొరారియా అనే పాత పేట ఉంది. అందులో సావ్ క్రిస్టోవావ్ మెట్ల వీధి ఒకటి. రెండు పక్కలా ఇరుకు ఇళ్లు, కిటికీల బయట ఆరేసిన బట్టలు, ఒక గోడ మీద ఫాదో అనే లిస్బన్ పాటలు పాడేవాళ్ల పెద్ద బొమ్మ. 1994లో మనోయెల్ ద ఒలివెయ్‌రా తీసిన ‘ఆ కైషా’ (అంటే ‘పెట్టె’) సినిమా ఈ మెట్ల మీదే నడుస్తుంది. బిచ్చం వేసే పెట్టె పోగొట్టుకున్న గుడ్డివాడిగా పోర్చుగీసు నటుడు లూయిష్ మిగెల్ సింత్రా నటించాడు. ఈ ప్రయాణం పెట్టుకున్నదే ఆయన కోసం. మా అక్కయ్య, నేను కాలేజీ రోజుల్లో ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనలకు కలిసి వెళ్లేవాళ్లం. ఆ అలవాటు ఇన్నేళ్లకు మమ్మల్ని పోర్చుగల్ దాకా తీసుకొచ్చింది.

సింత్రా 1949లో మాడ్రిడ్‌లో పుట్టాడు. తండ్రి పేరున్న భాషాశాస్త్రవేత్త. బ్రిస్టల్‌లో నటన నేర్చుకుని వచ్చి, 1973లో జార్జ్ సిల్వా మెలూతో కలిసి ‘తియాత్రు ద కోర్నుకోపియా’ నాటక సంస్థ పెట్టాడు. మోలియేర్ నాటకంతో మొదలైన ఆ సంస్థ 2016 డిసెంబరు దాకా నడిచింది. నలభై మూడేళ్లు! అదే కాలంలో జువావ్ సేజర్ మొంతెయ్‌రు, పౌలు రోషా, ఒలివెయ్‌రా సినిమాల్లో నటిస్తూ వచ్చాడు. 2005లో పెసోవా పురస్కారం అందుకున్నాడు. పోర్చుగీసు సినిమాలో అందమైన ముఖాలు చాలా ఉన్నాయి. అంతగా వినాలనిపించే గొంతు మాత్రం నాకు మరొకటి కనిపించలేదు. అది నాటకశాలలో తయారైన గొంతు. అందుకే ఆయన సినిమాల చోట్లతో పాటు నాటకశాలనూ చూడాలని పట్టుబట్టాను.

ముందు బస సంగతి. మెట్ల వీధికి దగ్గరగా ఉంటుందని మొరారియాలోనే ఒక అతిథి గృహం తీసుకున్నాం. గది శుభ్రంగా ఉంది, అద్దె తక్కువ. కానీ నాలుగో అంతస్తు, లిఫ్టు లేదు. ఆ విషయం బుకింగ్‌లో ఎక్కడా రాయలేదు. మోకాళ్ల నొప్పులున్న అక్కయ్య రెండో అంతస్తులోనే ఆగిపోయి, “ఇక నన్ను దిగమనీ అడగకు, ఎక్కమనీ అడగకు” అంది. మరునాడే అవెనిదా మెట్రో స్టేషన్ దగ్గర లిఫ్టున్న చిన్న హోటల్‌కు మారాం. అద్దె దాదాపు రెట్టింపయినా మనశ్శాంతి దొరికింది. పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లు కొండ పేటల్లో గది తీసుకునే ముందు లిఫ్టు ఉందో లేదో ఫోను చేసి అడగండి. అద్దె కాక లిస్బన్‌లో మనిషికి రాత్రికి 4 యూరోల పర్యాటక పన్ను కూడా కట్టాలి. మొరారియాలో మాకు బాగా నచ్చింది మార్తిం మునీష్ చుట్టుపక్కల దుకాణాలు. కందిపప్పు, బాస్మతి బియ్యం, పచ్చిమిరపకాయలు అన్నీ దొరికాయి.

కొత్త హోటల్‌కు మారడం వల్ల ఇంకో మేలు జరిగింది. బరాతా సల్గెయ్‌రు వీధిలోని సినెమాటెకా, అంటే పాత సినిమాలు భద్రపరిచి చూపించే సంస్థ, నడిచి వెళ్లేంత దగ్గరైంది. లిస్బన్‌లో ఒక్కచోటికే వెళ్లగలమంటే నేను దీని పేరే చెబుతాను. టికెట్టు ధర మన మల్టీప్లెక్స్ టికెట్టు కన్నా ఎక్కువేమీ ఉండదు. లోపలికి వెళ్లేటప్పుడు ఆ రోజు సినిమా మీద రాసిన వ్యాసం కాగితం చేతికిస్తారు. ప్రతి ప్రదర్శనకూ ఇచ్చే ఈ కాగితాలను ఊళ్లోని సినిమా ప్రేమికులు దాచుకుంటారట. మేము చూసింది ‘వాల్ అబ్రావ్’, ఒలివెయ్‌రా 1993 చిత్రం. నిడివి మూడు గంటలకు పైనే. ఎమా అనే అందగత్తెకు భర్త అయిన డాక్టరు కార్లోష్‌గా సింత్రా. భార్య తనకు దక్కదని తెలిసిన మనిషి. ఆ తెలివిడిని ఏడుపుతోనో కోపంతోనో కాక, భుజాలు కాస్త వంచి, మాటను అరక్షణం ఆలస్యంగా మొదలుపెట్టి చూపిస్తాడు. ఇంటి దగ్గర కంప్యూటర్‌లో చూసినప్పుడు ఆ ఆలస్యం నాకు పట్టుబడలేదు. ఒక్క జాగ్రత్త: పోర్చుగీసు సినిమాలకు ఇంగ్లీషు ఉపశీర్షికలు అన్నిసార్లూ ఉండవు, కార్యక్రమ పట్టిక ముందే చూసుకోవాలి.

కోర్నుకోపియా నాటకశాల రాతు మెట్రోకు కాస్త దూరంలో, తెనెంత్ రౌల్ కష్కయిష్ వీధిలో ఉండేది. 2019 నుంచి అదే చోట నగరపాలక సంస్థ తరఫున ‘తియాత్రు దు బాయ్‌రు ఆల్తు’ పేరుతో ప్రయోగాత్మక నాటకాల కొత్త వేదిక నడుస్తోంది. బయటి నుంచి చూస్తే మామూలు కట్టడమే. నాటకం ఆడని రోజు వెళ్తే ఏమీ కనిపించదు, మాకు అదే జరిగింది. అయినా వెళ్లినందుకు విచారం లేదు. నియంతృత్వాన్ని కూల్చిన 1974 ఏప్రిల్ విప్లవానికి కొన్ని నెలల ముందే పుట్టిన సంస్థ ఈ మామూలు గోడల మధ్య నూరుకు పైగా నాటకాలు ఆడిందన్న సంగతి అక్కడ నిలబడితేనే మనసుకు ఎక్కింది.

సెతూబల్ ఊరికి దగ్గర్లోని అర్రాబిదా మఠం కథ వేరు. 1542లో ఫ్రాన్సిస్కన్ సన్యాసులు స్థాపించిన ఈ మఠం సముద్రానికి ఎదురుగా కొండవాలున ఉంది. చెట్ల మధ్య తెల్లటి చిన్న చిన్న గదులు, వాటికి తల వంచి దూరాల్సినంత పొట్టి గుమ్మాలు. ఒలివెయ్‌రా 1995 నాటి ‘ఉ కొన్వెంతు’ (‘మఠం’) చిత్రం ఇక్కడే తీశాడు. కాథరీన్ దెనవ్, జాన్ మాల్కొవిచ్ లాంటి పేర్ల పక్కన మఠం కాపరి బల్తార్‌గా సింత్రా. ఆ ఇద్దరి కన్నా ఈ కొండ ఆయనకే సొంతమన్నట్టు తిరుగుతాడు. లిస్బన్ నుంచి సెతూబల్‌కు ఫెర్తాగుష్ రైలు 25 ఏప్రిల్ వంతెన మీదుగా వెళ్తుంది. ప్రయాణం సుమారు గంట. మఠం ఓరియెంత్ ఫౌండేషన్ చేతిలో ఉంది. ముందే రాసి సమయం తీసుకుంటేనే లోపలికి రానిస్తారు. సెతూబల్ నుంచి టాక్సీలో వెళ్లాం. తిరిగి వస్తానన్న డ్రైవరు రాలేదు, ఎండలో చాలాసేపు నిలబడ్డాం. రానూ పోనూ ఒకే బండి మాట్లాడుకుని, డబ్బు చివర్లో ఇవ్వండి. సెతూబల్ భోజనశాలల్లో అడగకుండానే బల్ల మీద పెట్టే రొట్టె, ఆలివ్ కాయలు ఉచితం కావు. వద్దనుకుంటే ముట్టకుండా వెనక్కి పంపవచ్చు.

పోర్టోలో మాకు ఒకటే పని, సెరాల్వెష్ తోటలోని ‘కాజా దు సినెమా’ (‘సినిమా ఇల్లు’) చూడడం. 106 ఏళ్లు బతికిన ఒలివెయ్‌రా పేరిట 2019లో తెరిచిన ఈ భవనానికి రూపం ఇచ్చింది వాస్తుశిల్పి ఆల్వరు సీజా. సింత్రాను అన్నేళ్లు తెర మీద నిలిపిన దర్శకుడిని అర్థం చేసుకోవడానికి ఒక పూట చాలదు. తోట టికెట్టు కూడా కలిపి తీసుకోండి.

‘వాల్ అబ్రావ్’ కథ నడిచే డోరు లోయ చూడడానికి అక్కడి నుంచి రేగ్వా ఊరికి రైలు. డోరు నది మీద పడవ విహారం చాలా ఖరీదు. కర్రపతేలు ఆనకట్ట దగ్గర పడవను 35 మీటర్లు పైకి లేపే లాకు చూడాలనుకుంటే తప్ప రైలే మేలు. కుడి పక్క కిటికీ దగ్గర కూర్చోండి, నది ఆ వైపే. 65 ఏళ్లు దాటినవారికి రైలు టికెట్టు సగం ధర, అక్కయ్య పాస్‌పోర్టు చూపించగానే ఇచ్చారు. రేగ్వా నుంచి నది దాటి లమేగు వైపు వెళ్తే వాల్ అబ్రావ్ అనే పేరున్న ద్రాక్షతోట నిజంగానే ఉంది. ఇప్పుడది సిక్స్ సెన్సెస్ వారి విలాసవంతమైన హోటల్, మా స్తోమతకు మించినది. మేము రేగ్వా స్టేషన్ ఎదురుగా సాదా గదిలో దిగాం. వేడినీళ్లు, కిటికీ నుంచి నది, ఉదయం కాఫీ, అన్నీ సరిగ్గా ఉన్నాయి. లమేగులో రెమేదియుష్ మాత గుడికి 686 మెట్లు. అక్కయ్య కోసం టాక్సీని పై దాకా రమ్మన్నాం. ఆమె అక్కడి నుంచి దిగుడు మెట్లు నెమ్మదిగా నడుస్తూ, సినిమాలోని డాక్టరు కార్లోష్ ఇంటికి ఈ దారినే పోతాడేమోనని వాదించింది. సాయంత్రం రైళ్లు తక్కువ, తిరుగు టికెట్టు సమయం స్టేషన్‌లో దిగిన వెంటనే అడిగి పెట్టుకోవాలి.