హారిసన్ మెరుపా, ఫ్లెచర్ నిలకడా?

ఇద్దరూ అమెరికన్ ఫుట్‌బాల్‌లో లైన్‌బ్యాకర్లే (ప్రత్యర్థి దాడిని ఆపే డిఫెన్స్ ఆటగాళ్లు). ఇద్దరినీ అక్కడి ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్ డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు ఏటా కొత్త ఆటగాళ్లను ఎంచుకునేటప్పుడు, ఏ జట్టూ తీసుకోలేదు. జేమ్స్ హారిసన్‌ని పిట్స్‌బర్గ్ స్టీలర్స్ పలుమార్లు తీసేసింది, బాల్టిమోర్ జట్టు కూడా వద్దంది. అలాంటివాడు 2008లో లీగ్ ఉత్తమ డిఫెన్స్ ఆటగాడయ్యాడు. ఆ సీజన్ ఫైనల్ అయిన సూపర్ బౌల్‌లో ప్రత్యర్థి ఆటగాడు కర్ట్ వార్నర్ (ఇతనూ డ్రాఫ్ట్ కానివాడే!) విసిరిన బంతిని మధ్యలోనే పట్టేసి, 100 గజాలు పరుగెత్తి టచ్‌డౌన్ (బంతిని ప్రత్యర్థి గీత దాటించి చేసే స్కోరు) చేశాడు.

లండన్ ఫ్లెచర్ ఆ వార్నర్‌తోనే కలిసి 1999 సీజన్‌లో రామ్స్ జట్టు తరఫున లీగ్ టైటిల్ గెలిచాడు. ఎత్తు 5 అడుగుల 10 అంగుళాలే. అయినా 1998 నుంచి 2013 దాకా వరుసగా 256 మ్యాచ్‌లు ఆడాడు, ఒక్కటీ వదల్లేదు. అదీ ఒళ్లు హూనమయ్యే పొజిషన్‌లో!

హైలైట్స్ చూడాలంటే హారిసనే. జట్టు కట్టమంటే మాత్రం ముందు ఫ్లెచర్ పేరే రాస్తాను. ఆదివారం మ్యాచ్‌లో ఆడతాడా లేదా అన్న టెన్షన్ కోచ్‌కి ఉండదు.