చెంగ్డూలో మిఠాయి క్లాసు: డబ్బు కట్టేముందు పాకం ఎవరు కాస్తారో అడగండి

చైనాలోని సిచువాన్ రాష్ట్ర రాజధాని చెంగ్డూలో ఆరు రోజులు. పాండాల కేంద్రం (టికెట్ 55 యువాన్లు), లెషాన్ బుద్ధుడు, పీపుల్స్ పార్కులో టీ, అన్నీ అనుకున్నట్టే జరిగిపోయాయి. వాటి గురించి రాసినవాళ్ళకు కొదవ లేదు. ఇక్కడ రాసేది రెండు మిఠాయి క్లాసుల సంగతి. ఒకటి మనిషికి 198 యువాన్లు, శుద్ధ దండగ. రెండోది 260, ఇంకో వంద అడిగినా ఇవ్వొచ్చు. మేం వెళ్ళినప్పుడు యువానుకు సుమారు 12 రూపాయలు.

మొదటిది పర్యాటకులు కిటకిటలాడే వీధిలో. ‘సంప్రదాయ మిఠాయి, మీ చేతులతో, 90 నిమిషాలు’ అని బోర్డు. నలుగురికీ ఏప్రాన్లు కట్టి ముందు ఫొటోలు తీశారు. పాకం అప్పటికే కాచి పెట్టి ఉంది, పొయ్యి తెర వెనకాల. గాజు పలక కింద కుందేలు బొమ్మ కాగితం పెట్టి, దాని మీద గరిటెతో పాకం పోయమన్నారు. గరిటె మన చేతిలో, మన చెయ్యి వాళ్ళ చేతిలో. పాకాన్ని లాగి, మడిచి, వెంట్రుకల్లాంటి పోగులు తీసే డ్రాగన్ గడ్డం మిఠాయి దగ్గర మరీ అన్యాయం: ఎనిమిది పోగుల దాకా అక్కడి అమ్మాయే లాగి, మూడు లాగుళ్ళు మనకిచ్చి, మళ్ళీ తీసేసుకుంది. మొత్తం 40 నిమిషాలు. ఇంటికి తీసుకెళ్ళే పెట్టెకు 30 యువాన్లు వేరే. ఏటా సంక్రాంతికి అరిసెల పాకం పట్టే మా వదిన, పొయ్యి దగ్గరికి రానివ్వలేదన్న కోపంతో హోటల్ చేరేదాకా నోరు విప్పలేదు. మేనల్లుడు మాత్రం కుందేలు చెవులు కొరుక్కుంటూ హాయిగా ఉన్నాడు.

వదిన కోపంలో న్యాయం ఉంది. ఈ మిఠాయిల్లో విద్యంతా పాకంలోనే ఉంటుంది, లాగడం ఆ తర్వాతి మాట. పైగా కాచిన పాకం చల్లారడానికే గంటకు పైగా పడుతుంది కాబట్టి, మీ పాకం మీరే కాచి, మీ మిఠాయి మీరే లాగడం గంటన్నరలో కుదిరే పని కాదు. క్లాసు మూడు గంటలకు తక్కువ ఉందంటే పాకం ఎవరో ముందే కాచేశారని అర్థం. బుకింగ్ చేసేముందు అనువాద యాప్‌లో అడగాల్సిన మొదటి ప్రశ్న ఇదే.

రెండోది ఒక నివాసాల సందులో, రెండు పొయ్యిలున్న చిన్న గది. ఆరుగురికి మించి తీసుకోరు. నేర్పేది అరవై దాటిన మాస్టారు. మాట తక్కువ, చెయ్యి ఎక్కువ. ‘మాన్ మాన్’ (మెల్లగా మెల్లగా) అన్నదొక్కటే మూడు గంటల్లో యాభై సార్లు విన్నాం.

డ్రాగన్ గడ్డం మిఠాయి (లాంగ్ షూ తాంగ్) మన సోన్‌పాపిడికి దూరపు చుట్టం. అందులో నెయ్యి, శనగపిండి అయితే ఇందులో వేయించిన జిగురు బియ్యప్పిండి. తిరునాళ్ళలో గుంజకు తగిలించి బెల్లం పాకం లాగి జీళ్ళు చేయడం చూసినవాళ్ళకు సగం పాఠం వచ్చేసినట్టే. కొలతలివి: పంచదార 500 గ్రాములు, నీళ్ళు 250, మాల్టోజు 80, తెల్ల వెనిగర్ ఒక టీస్పూను. మాల్టోజు అంటే మొలకెత్తిన గోధుమలు, ఉడికిన జిగురు బియ్యం కలిపి తీసే తీపి పాకం. తేనె కన్నా ఎన్నో రెట్లు చిక్కన, చెంచా తడిపి తీయకపోతే చెంచాను కూడా వదలదు. పంచదార రాకముందు నుంచీ చైనాలో ఉన్న తీపి ఇది. చెరకు చక్కెర కాచే పద్ధతిని మాత్రం 647లో తాంగ్ చక్రవర్తి తైజోంగ్ మగధకు మనుషుల్ని పంపి నేర్పించుకున్నాడు. మనం నేర్పినదాన్నే 260 యువాన్లు కట్టి మళ్ళీ నేర్చుకుంటున్నామని బావ లెక్క తేల్చాడు.

పంచదార కరిగేదాకానే కలపాలి. ఉడుకు పట్టాక గరిటె పెట్టకూడదు. గిన్నె అంచున ఎండిన చక్కెర రవ్వ ఒక్కటి జారి పాకంలో పడినా మొత్తం పంచదార కట్టేస్తుంది, అందుకే తడి కుంచెతో అంచులు దిగతుడుస్తూ ఉంటారు. వెనిగర్ పని మన పాకంలో నిమ్మరసం పనే. పంచదారలో కొంత భాగాన్ని గ్లూకోజు, ఫ్రక్టోజుగా విడగొడుతుంది, ఆ రెండూ మాల్టోజుతో కలిసి రవ్వ కట్టకుండా ఆపుతాయి.

దించాల్సింది 130 నుంచి 132 డిగ్రీల మధ్య. థర్మామీటరు ఉంది కానీ మాస్టారు దాన్ని నమ్మడు. చన్నీళ్ళ గిన్నెలో చుక్క వేసి, వేళ్ళతో ఉండ చేసి, గిన్నె అంచుకు కొట్టి వింటాడు. అదేమిటో వదినకు ఎవరూ చెప్పక్కర్లేకపోయింది. తీగపాకం 105 దగ్గర, మెత్తటి ఉండపాకం 115 దాటాక, ఇది దాని తర్వాత వచ్చే గట్టి ఉండ. నీళ్ళలోంచి తీస్తే ఆకారం చెడకూడదు, టంగుమనాలి, కానీ పళ్ళ కింద పెళుక్కున విరగకూడదు. రెండు డిగ్రీలు తగ్గితే లాగిన పోగులు జారిపోయి మళ్ళీ ఒకటే తాడవుతాయి. నాలుగు డిగ్రీలు పెరిగితే మూడో మడతకే తెగుతాయి. పోగులు ఎలా చెడ్డాయో చూసి పాకం లేతో ముదురో చెప్పేయొచ్చు.

దించిన పాకాన్ని నూనె రాసిన చిన్న కప్పుల్లో 80 గ్రాముల చొప్పున పోసి, కప్పుల్ని చన్నీళ్ళ పళ్ళెంలో పెట్టారు. బొటనవేలితో గట్టిగా నొక్కితే లొత్త పడాలి, వేలికి అంటుకోకూడదు. అలా తయారవడానికి గంటంపావు పట్టింది. ఈలోపు జిగురు బియ్యప్పిండి సన్నసెగ మీద పచ్చి వాసన పోయేదాకా వేయించడం, ఆపైన చక్కెర బొమ్మలు.

చక్కెర బొమ్మలు (తాంగ్‌హువా) సిచువాన్ సొత్తు. 2008లో జాతీయ సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేరాయి. దీని పాకం వేరు: పంచదారకు పటికబెల్లం, కొంచెం మాల్టోజు కలిపి 150 డిగ్రీల దాకా, అంటే చన్నీళ్ళలో వేసిన తీగ టక్కున విరిగేదాకా కాచి, బిళ్ళలుగా పోసి పెట్టుకుంటారు. గీసేటప్పుడు ఒక్కో బిళ్ళ చిన్న గిన్నెలో సన్నసెగన కరిగిస్తారు. రంగు గోధుమ వన్నె దాటిందంటే చేదు మొదలైనట్టే. పాలరాతి పలకకు నూనె గుడ్డతో తుడిచినట్టు రాయాలి. ఎక్కువైతే గీత జారి చుక్కలుగా విడిపోతుంది, తక్కువైతే బొమ్మ పలకను వదలదు.

గరిటె పలకకు నాలుగు వేళ్ళ ఎత్తున ఉండాలి. ముగ్గు వేసే చేతికి ఇది తొందరగా పట్టుబడుతుంది, పిండి బదులు పాకం అంతే. చెయ్యి ఆగినచోట బొట్టు, తొందరపడినచోట వెంట్రుక. పుల్లను బొమ్మ మీద పెట్టి దాని మీద ఇంకో బొట్టు పోసి నొక్కాలి. వెడల్పాటి పలుచని కత్తి కిందికి దూర్చి ఎత్తేది బొమ్మ ఇంకా గోరువెచ్చగా ఉన్నప్పుడే. పూర్తిగా చల్లారితే మెడ దగ్గర విరుగుతుంది, మరీ ముందు ఎత్తితే వంగుతుంది. మా నాలుగు చేపల్లో మూడింటికి తోకలు పోయాయి. పాకం చేతి మీద పడితే అంటుకుని కాలుస్తుంది, నూనెలా జారిపోదు. చున్నీలు, వేలాడే చొక్కా చేతులు వద్దు. పక్కన చన్నీళ్ళ గిన్నె లేకపోతే అడిగి పెట్టించుకోండి.

ఇక లాగడం. పాకం బిళ్ళను పిండిలో పొర్లించి, మధ్యలో చాప్‌స్టిక్‌తో కంత చేసి, గాజులా మెల్లగా పెద్దది చెయ్యాలి. ఇక్కడే అందరూ చెడిపోతారు. గాజు మందం అన్నిచోట్లా సమానంగా ఉంటే తర్వాతి పని దానంతటదే అవుతుంది, ఒకచోట పలచబడితే ఆ బలహీనత చివరిదాకా వెంటాడుతుంది. అందుకని లాగడం కన్నా పిసకడం ఎక్కువ: గాజును చేతుల్లో తిప్పుతూ, లావుగా ఉన్నచోటే వేళ్ళతో సాగదీయాలి. మూర పొడుగు సాగాక ఎనిమిది అంకెలా మెలిపెట్టి, రెండు సగాలూ కలిపితే రెండు పోగులు. పిండిలో ముంచి మళ్ళీ లాగాలి: నాలుగు, ఎనిమిది, పదహారు. మడత మడతకీ పిండి. ఒక్కసారి మర్చిపోతే పక్కపక్క పోగులు అతుక్కుంటాయి, ఆ తర్వాత విడదీయడం బ్రహ్మతరం కాదు. పన్నెండో మడతకు 4,096, పద్నాలుగోదానికి 16,384. పదో మడత దాటాక చేతిలో ఉన్నది పాకమో జుట్టో తెలియదు.

బావ చేతులకు చెమట ఎక్కువ, ఏడో మడతకు మొత్తం తెగింది. మాస్టారు ఏమీ అనకుండా, ఆ తునకల్ని వేరుశనగపొడిలో దొర్లించి ప్లేటులో పెట్టాడు. రుచిలో తేడా లేదు. వదిన పన్నెండు మడతలు చేసింది. మాస్టారు ఆ పోగుల్ని దీపానికి ఎదురుగా పట్టుకుని చూసి, ‘పాకం మీదేనా’ అన్నట్టు పొయ్యి వైపు వేలు చూపించాడు. ఆ సాయంత్రం వదిన హుషారు చూడాల్సిందే.

పోగుల్ని జానెడు ముక్కలుగా తెంపి, వేయించిన వేరుశనగ, నువ్వులు, పంచదార పొడి పెట్టి చుడతారు. నోట్లో వేసుకున్నాక మొదట ఏమీ ఉండదు, తర్వాత పిండి, ఆ తర్వాత తీపి. శాకాహారులకు ఇబ్బంది లేదు కానీ, గిన్నెలకు, పలకకు రాసేది ఏ నూనెయో అడగండి. సిచువాన్ వంటిళ్ళలో పంది కొవ్వు మామూలే. ‘వో చీ సూ’ (నేను శాకాహారిని) అంటే అర్థమవుతుంది. వేరుశనగ పడనివాళ్ళు ఈ క్లాసు జోలికే పోవద్దు, గాలిలో కూడా ఆ పొడే.

చెల్లింపులో ఒక చిట్కా. అలీపే (చైనాలో ఫోన్‌తో డబ్బు కట్టే యాప్)కి విదేశీ కార్డు జతచేస్తే 200 యువాన్ల లోపు ఒక్కో చెల్లింపుకు రుసుము లేదు, దాటితే 3 శాతం. మొదటిచోట నలుగురికీ కలిపి 792 ఒకేసారి కొట్టి దాదాపు 24 యువాన్లు ఊరికే పోగొట్టుకున్నాం. రెండోచోట మనిషికి 100 అడ్వాన్సు, మిగతా 160 ఆ రోజు విడివిడిగా కట్టాం, రుసుము సున్నా. వీసా, మాస్టర్‌కార్డుల్లో అంతర్జాతీయ లావాదేవీలు ఇంట్లోనే తెరిచి పెట్టుకోండి.

వానరోజు ఈ క్లాసు పెట్టుకోవద్దు. చెంగ్డూ గాలిలో మామూలుగానే తేమ ఎక్కువ. ముసురు పడితే పోగులు లాగుతుండగానే చెమ్మగిల్లుతాయి. జులై, ఆగస్టుల్లో ఏసీ ఉన్న గదేనా అని తప్పక అడగాలి. చేసింది పది నిమిషాల్లో తినేయాలి. హోటల్ ఫ్రిజ్‌లో పెడితే బయటికి తీయగానే చెమ్మ పట్టి ముద్దవుతుంది. సిలికాజెల్ పొట్లాలు వేసి హైదరాబాదు తెచ్చిన పెట్టెలో మిగిలింది పిండి పూసిన బంక. సెలోఫేన్ చుట్టిన చక్కెర చేప మాత్రం, తోక లేకుండానే, చెక్కుచెదరకుండా వచ్చింది.

ఇంటికి తీపి తేవాలంటే వీధిలో రెండు ఇనప ముక్కలు డింగ్ డింగ్‌మని మోగిస్తూ అమ్మే గట్టి మాల్టోజు మిఠాయి నయం. ఉలితో కొట్టి తూచి ఇస్తారు. ఉలి పెట్టకముందే ధర 500 గ్రాములకా, 50 గ్రాములకా అని వేళ్ళతో అడిగి, ఎంత ముక్క కావాలో చూపించండి. కొట్టాక వెనక్కి తీసుకోరు.