ముఖలింగం ఒక్కరోజు యాత్ర: ఐదుసార్లు వెళ్ళి వచ్చాక

పన్నెండు మందికి మించకుండా ఒక చిన్న వ్యానులో ఎక్కించుకుని, తెల్లవారుజామున 5 గంటలకు మద్దిలపాలెంలో బయలుదేరి, శ్రీకాకుళం జిల్లాలోని అరసవల్లి, శ్రీకూర్మం, ముఖలింగం గుళ్ళు చూపించి రాత్రికి తిరిగి విశాఖలో దింపే ఒక ప్రైవేటు యాత్రకు 2022 నవంబరు నుంచి ఇప్పటి దాకా నేను ఐదుసార్లు వెళ్ళాను. చూసిన ఊరికే ఇన్నిసార్లు డబ్బు కట్టి వెళ్ళడం ఏమిటని మా ఇంట్లో అడిగారు. అందుకు కారణం ఒక టార్చిలైటు, దానిని పట్టుకునే పద్ధతి తెలిసిన ఒక మనిషి. బండి, భోజనం, టిక్కెట్టు ధర వంటివన్నీ వాళ్ళ కరపత్రంలోనే ఉంటాయి గనుక వాటి జోలికి పోను.

ఆ కరపత్రంలో 'మధ్యయుగపు రాజధానీ నగరం' అని పెద్ద అక్షరాలతో ఉంటుంది. దానిని నమ్మి కోటగోడలూ బురుజులూ ఊహించుకుని వెళ్ళేవారికి మొదటి పది నిమిషాలు నిరాశ తప్పదు. తూర్పు గాంగులు ఏలిన కళింగనగరం ఇదేనని చెప్పి బండి ఆపిన చోట వంశధార ఒడ్డున ఒక మామూలు పల్లెటూరు ఉంటుంది. మధుకేశ్వర, భీమేశ్వర, సోమేశ్వర ఆలయాలు మూడూ, వాటి పక్కనే జనం కాపురముంటున్న ఇళ్ళూ, వీధిలో ఎండబోసిన ధాన్యమూ తప్ప నగరం అనదగినది కంటికి ఆనదు. మొదటిసారి మాతో వచ్చిన గాజువాక పెద్దాయన ఒకరు, "నగరమని చెప్పి ఊరు చూపిస్తున్నారేమిటండీ" అని అడిగేశారు. మా గైడు చరిత్ర అధ్యాపకుడిగా పనిచేసి విరమించిన వ్యక్తి. ఆయన నొచ్చుకోకుండా, పక్క ఊరి పేరు నగరికటకం అని గుర్తు చేశారు. కటకం అంటే రాజుగారి సైన్యం విడిసే చోటనీ, 1078లో పట్టాభిషిక్తుడైన అనంతవర్మ చోడగంగదేవుడు 12వ శతాబ్దంలో రాజధానిని ఉత్తరానికి తరలించినప్పుడు అక్కడి నగరానికీ అదే మాట పేరైందనీ, నేడు మనం కటక్ అంటున్నది ఆ ఊరినేననీ వివరించారు. గోడలు పోయినా పేరు పోలేదన్న సంగతి ఆ పెద్దాయనకు రుచించిందో లేదో గాని, నాకు మాత్రం అక్కడి నుంచి వీధులు వేరే విధంగా కనిపించడం మొదలైంది.

అసలు విషయం మధుకేశ్వరాలయంలో ఒక స్తంభం దగ్గర జరిగింది. దాని మీద అక్షరాలు ఉన్నాయని చెబితే తప్ప తెలియదు. చూడడానికి చీమలు పాకిన జాడలాగా, నూనె మరకల కింద సగం పూడిపోయిన గీతలు. ఆయన సంచిలో నుంచి అరచేతిలో పట్టేంత టార్చి తీసి, మనమైతే ఎదురుగా వేసే వెలుగును స్తంభానికి దాదాపు ఆనించి, పక్కవాటుగా, రాతి ముఖం మీద పాకేటట్టు వేశారు. "ఎదురుగా కొడితే రాయి తెల్లబోతుంది, పక్క నుంచి కొడితే ప్రతి గీతా తన నీడను తానే వేసుకుంటుంది" అన్నారు. అప్పటి దాకా ఏమీ లేని చోట వరుస వెంబడి వరుస అక్షరాలు లేచాయి. 'స్వస్తి' అని ఆయన వేలు పెట్టి చదివారు. కొంచెం కిందికి వచ్చి 'శకవర్షంబులు' అన్నారు. ఇంకా కిందికి వచ్చి ఆగి, ఈ అక్షరం మీరే చెప్పండి అన్నారు. నేను అరనిమిషం చూసి 'ద' అన్నాను. దానికి గుడి ఉంది కనుక 'ది' అవుతుందా అని తడుముకుంటూ ఉండగా ఆయన నవ్వి, 'దీపము' అని పూర్తి చేశారు. ఎవరో ఆ స్వామికి అఖండ దీపం పెట్టించిన దానశాసనం అది. నలభై ఏళ్ళు లెక్కల పుస్తకాలు రాసిన చేయి నాది. వందల ఏళ్ళ కిందటి తెలుగు అక్షరాన్ని ఒక్కదానిని గుర్తుపట్టినందుకు చిన్నపిల్లవాడిలా పొంగిపోయానని చెప్పుకోవడానికి సిగ్గుపడను.

పన్నెండు మంది అన్న నియమం విలువ అక్కడే తెలిసింది. ఆ స్తంభం ముందు ముగ్గురి కంటే ఎక్కువ మంది నిలబడలేరు. నాలుగు జట్లుగా వంతులు వేసుకుని అందరమూ చూశాము. నలభై మంది ఉన్న బస్సుతో వస్తే ఈ పని సాధ్యం కాదు, ఆయన ప్రయత్నించరు కూడా. శ్రీకూర్మంలోనూ ఇంతే. అక్కడి స్తంభాల మీది రాతలను చూపిస్తూ, దీపం ఆరకుండా వెలగాలంటే నెయ్యి కావాలి, నెయ్యికి పాడి కావాలి కనుక దాతలు 'మోదాలు', అంటే పాడి ఆవులు ఇచ్చేవారని చెప్పారు. భక్తి వెనుక ఇంత గట్టి లెక్క ఉందని ఉద్యోగంలో ఉండగా ఎవరైనా చెప్పి ఉంటే ఇంకా ముందే ఈ గుళ్ళకు వచ్చేవాడిని. మధ్వాచార్యుల శిష్యుడైన నరహరి తీర్థుల 1281 నాటి శాసనం గురించి కూడా ఆయన అక్కడే చెప్పారు. కళింగ రాజ్యంలో అధికారం నడిపిన సన్యాసి ఆయన అన్న సంగతి నాకు అంతవరకు తెలియదు.

ముఖలింగానికి దగ్గరలోనే, వంశధార ఒడ్డునే ఉన్న పర్వతాలపేటలో 1863లో పుట్టిన గిడుగు రామమూర్తి గారు ఈ శాసనాలను సొంత ప్రయత్నంతో చదవడం నేర్చుకున్నారని వ్యానులో చెప్పారు. వ్యావహారిక భాష కోసం జీవితమంతా పోరాడిన ఆయన ఊరి గురించి నేను ఇంత బిగదీసిన భాషలో రాస్తున్నందుకు పైనుంచి ఏమనుకుంటున్నారో.

ఇంటికి వచ్చి ఈ యాత్రను నేను అతిగా పొగిడాను. సీతమ్మధారలో మా అపార్టుమెంటులో వినని వారు లేరు. ఆ పొగడ్తకు మూల్యం 2023 డిసెంబరులో చెల్లించాను.

రెండోసారి మా ఆవిడనూ, మరదలినీ, తోడల్లుడినీ, వాళ్ళ ఇద్దరు పిల్లలనూ వెంటబెట్టుకుని వెళ్ళాను. ఉద్యోగాల వాళ్ళు కనుక ఆదివారం తప్ప కుదరలేదు. యాత్ర నడిపేవాళ్ళు కూడా ఎక్కువగా ఆదివారాలే పెడతారు. అరసవల్లి సూర్యనారాయణమూర్తికి ఆదివారం ప్రీతి అని జిల్లాలో ప్రతి ఒక్కరికీ తెలుసు. తెలిసి కూడా పన్నెండు మందిని ఆ రోజే మొదట అక్కడికి తీసుకువెళ్ళే పథకం ఎవరు వేశారో నాకు ఇప్పటికీ అంతుపట్టదు. 8.15కు వరుసలో నిలబడ్డాము. వరుస ముందు మాది చిన్న బృందమా పెద్ద బృందమా అన్న తేడా ఉండదు. దర్శనం చేసుకుని, చెప్పులు వెతుక్కుని, అందరినీ లెక్కపెట్టుకుని బయటపడేసరికి 11.40 అయింది. శ్రీకూర్మం చేరేసరికి 12 దాటింది, తలుపులు మూసేశారు. మళ్ళీ తెరిచే దాకా ఆగితే ముఖలింగం పోతుంది కనుక శ్వేత పుష్కరిణి గట్టు మీద కాసేపు నిలబడి, అక్కడ పెంచుతున్న నక్షత్ర తాబేళ్ళను చూసి వెనక్కి తిరిగాము. పిల్లలిద్దరికీ ఆ రోజు మొత్తంలో నచ్చినవి ఆ తాబేళ్ళే.

అంతకంటే పెద్ద దెబ్బ గైడుది. అధ్యాపకుడికి ఆ వారం ఒంట్లో బాగాలేదట. ఆయన బదులు వచ్చిన కుర్రవాడు మంచివాడే, మర్యాద తెలిసినవాడే, కాని ఇప్పచెట్టులో శివుడు వెలసిన కథను మూడు ఊళ్ళకూ సరిపోయేంత సాగదీసి చెప్పాడు. శాసనాల దగ్గరికి వచ్చేసరికి గోడల వైపు చేయి ఊపి, "ఇవన్నీ రాజులు రాయించినవండీ" అని ముందుకు నడిచాడు. దీపం సంగతి ఉన్న స్తంభం ఏదని నేను అడిగితే, "ఆఫీసులో కనుక్కుని చెబుతాను సార్" అన్నాడు. మా మరదలు, "బావగారూ, ఏదో దీపం చూపిస్తారన్నారు, ఏదండీ?" అని నలుగురి ముందూ అడిగింది. తోడల్లుడు ఏమీ అనలేదు. అనకపోవడమే ఎక్కువ బాధించింది.

స్తంభం గుర్తు నాకు ఉంది. నా దగ్గర కూడా అప్పటికి ఒక టార్చి ఉంది. ఆయన పట్టినట్టే పట్టాను. నేను కొన్నది ఏ రకమో గాని దాని వెలుగు పలచగా పరుచుకుపోయి, రాయి రాయిలాగే ఉండిపోయింది. మావాళ్ళు విసుగెత్తి వ్యాను దగ్గరికి వెళ్ళిపోయారు. ఆ రోజు జరిగిన ఆలస్యాలన్నీ కలిసి అప్పటికి పావు తక్కువ ఐదు అయింది. చలికాలపు ఎండ బాగా వాలి, మండపంలోకి ఓరగా వచ్చి, ఆ స్తంభం అంచును తాకింది. నేను చూస్తూ ఉండగానే వెలుగు రాతి మీదికి పాకింది, ఆయన టార్చి చేసిన పనినే ఇంకా మెల్లగా, ఇంకా స్పష్టంగా చేసింది. పైనుంచి కిందికి మొత్తం శాసనం లేచి నిలబడింది. నన్ను పిలవడానికి వచ్చిన డ్రైవరు, "సార్, అందరూ బండెక్కేసారండి" అంటూ పక్కకు వచ్చి, వంగి చూసి, "ఇది 'ద' లాగుందండి" అన్నాడు. దీపమని నేను చెప్పాను. అతను మూడేళ్ళుగా ఈ యాత్రకు బండి తోలుతున్నాడు, గుడి బయట టీ తాగడమే తప్ప ఎప్పుడూ ఈ స్తంభం దాకా రాలేదట. తనకు తెలిసిన అక్షరాలు ఇంకో రెండు వెతికి పట్టుకున్నాడు. పది నిమిషాలు కూడా గడవక ముందే ఎండ జారిపోయింది, అక్షరాలూ పోయాయి. మావాళ్ళను పిలుచుకు రావడానికి వ్యవధి లేకపోయింది. రాత్రి 11.30కు ఇల్లు చేరాము. ఆ పది నిమిషాల గురించి చెబితే మా మరదలు నమ్మినట్టు కనిపించలేదు.

ఆ తరువాతి మూడు యాత్రలూ పని దినాలలోనే, అధ్యాపకుడు వస్తున్నారని రూఢి చేసుకున్నాకే వెళ్ళాను. మూడూ బాగానే జరిగాయి. అయినా ఇన్నిసార్లు వెళ్ళాక ఆయనలోనూ ఒక లోటు కనిపించింది. ఒక స్తంభం దగ్గర మనసు లగ్నమైతే ఆయనకు గడియారం గుర్తుండదు. ఐదు యాత్రలలో భీమేశ్వరాలయం లోపలికి నేను అడుగుపెట్టింది రెండుసార్లే. సోమేశ్వరాలయం గోడల మీది శిల్పాలనైతే ప్రతిసారీ బండి హారను వింటూనే చూశాను. గొంతు కూడా మెల్లనిది. వెనుక నిలబడితే సగం మాటలు వినిపించవు. నాలుగోసారి నుంచి తిరుగు దారిలో పొందూరు ఖద్దరు కోసమని ఒక మజిలీ చేర్చారు. వాలుగ చేప దవడతో పత్తిని శుభ్రం చేయడం చూడవలసినదే, నేనూ ఒక కండువా కొన్నాను, కాని ఆ ముప్పావుగంట భీమేశ్వరుడికి దక్కి ఉంటే సంతోషించేవాడిని. నరసన్నపేట దాటాక ఆడవారికి తగిన మరుగుదొడ్డి దొరకడం కష్టమన్న మా ఆవిడ ఫిర్యాదును కూడా ఇక్కడ చేర్చకపోతే ఇంట్లో ఊరుకోరు.

కనుక వెళ్ళమని చెప్పాలా వద్దా అంటే, నేను విశ్రాంత ఉద్యోగిని, బుధవారమైనా గురువారమైనా నాకు ఒకటే. మోకాళ్ళు ఇంకా మాట వింటున్నాయి. పాత రాతల మీద కొంచెం పిచ్చి ఉంది. ఈ మూడూ ఉన్నవారు నిస్సంకోచంగా వెళ్ళవచ్చు. ఆదివారమే వీలయ్యేవారు, దర్శనమే ముఖ్యమనుకునేవారు అరసవల్లికి విడిగా సొంత కారులో వెళ్ళడం మేలని నాకు తోస్తుంది. ఫోను చేసినప్పుడు బండిలో ఏసీ ఉందా అని కాక, గైడుగా ఎవరు వస్తున్నారని అడగండి. వచ్చే పుష్యమాసంలో ఒక గురువారానికి నేను మళ్ళీ ఒక సీటు చెప్పి ఉంచాను. ముఖలింగం చివరగా, నాలుగున్నరకు చేరేటట్టు పెట్టమని అడిగాను. పూర్తిగా ఒప్పుకోలేదు, చూద్దామన్నారు.