ఒకే క్లబ్బా, ఊరూరా ఆటా: డిఫెండర్‌కి ఏది మేలు?

2024 మే 25, స్పెయిన్‌లోని బిల్బావో. యూరప్ క్లబ్బుల పెద్ద కప్పు, మహిళల చాంపియన్స్ లీగ్ ఫైనల్. ఒకవైపు ఫ్రాన్స్ క్లబ్ లియోన్ కెప్టెన్ వెండీ రెనార్, ఇంకోవైపు బార్సిలోనా రైట్ బ్యాక్ (కుడి అంచు కాసే డిఫెండర్), ఇంగ్లండ్ అమ్మాయి లూసీ బ్రాంజ్. అయిదేళ్ల కిందట బుడాపెస్ట్‌లో ఇదే ఫైనల్లో ఇద్దరూ లియోన్ జెర్సీయే వేసుకుని, ఇదే బార్సిలోనాను 4-1తో చిత్తు చేశారు. ఈసారి బార్సిలోనా 2-0తో గెలిచింది. మధ్యలో బ్రాంజ్ రెండు క్లబ్బులు మారింది. రెనార్ మారలేదు.

ఫుట్‌బాల్‌లో డిఫెండర్‌గా బతకాలనుకునే అమ్మాయికి ఈ రెండు దారుల్లో ఏది మంచిది? నాకు ఆ ఫైనల్ చూసినప్పటి నుంచి ఇదే ఆలోచన.

రెనార్‌ది కరీబియన్ దీవి మార్టినిక్. ఎనిమిదేళ్లప్పుడే తండ్రి క్యాన్సర్‌తో పోయాడు. పదహారేళ్లకు సముద్రం దాటి ఫ్రాన్స్ వచ్చి, జాతీయ అకాడమీ క్లెర్‌ఫొంటేన్ ట్రయల్‌కి వెళితే తీసుకోలేదు. తర్వాత లియోన్‌లో ట్రయల్ ఇచ్చింది. 2006లో అలా చేరిన పిల్ల అదే క్లబ్బుతో 2022 నాటికి ఎనిమిది చాంపియన్స్ లీగ్ కప్పులు ఎత్తింది.

రెనార్ లాంటి సెంటర్ బ్యాక్‌కి, అంటే గోల్ ముందు మధ్యలో కాసే డిఫెండర్‌కి, ఒకేచోట ఉండటం కలిసొస్తుంది. పక్కనున్న మనిషి ముందుకు దూకితే తను వెనక జాగా కాయాలి, ప్రత్యర్థిని ఆఫ్‌సైడ్ తప్పులో ఇరికించే లైన్ పట్టాలంటే డిఫెండర్లు నలుగురూ ఒకేసారి అడుగు వేయాలి. ఇదంతా కేకలు వేసి చేసే పని కాదు, కంటిచూపుతో జరిగిపోవాలి. ఆ పొత్తు కుదరడానికి ఏళ్లు పడుతుంది. పైగా ఆమె ఎత్తు 1.87 మీటర్లు. మైదానం మూల నుంచి కార్నర్ కిక్ వేసేవాళ్లకు ఆ తల ఎక్కడికి లేస్తుందో నిద్రలో కూడా తెలుసు.

ఒకే క్లబ్ ఇచ్చే ఇంకో బలాన్ని జనం అంతగా పట్టించుకోరు. 2017లో ఫ్రాన్స్ కోచ్ కొరిన్ డియాక్ర్ ఆమె కెప్టెన్సీ తీసేసింది, 2021లో తిరిగి ఇచ్చింది. 2023 ఫిబ్రవరిలో రెనార్ ఈ పరిస్థితుల్లో వరల్డ్ కప్ ఆడనని చెప్పేసింది. మార్చిలో కోచ్ పదవే పోయింది, రెనార్ తిరిగి జట్టులోకి వచ్చింది. క్లబ్బులో కుర్చీ గట్టిగా ఉన్నవాళ్లే అలా మొహం మీద చెప్పగలరని నా అనుమానం. ఆ వరల్డ్ కప్‌లోనే బ్రెజిల్ మీద స్కోరు 1-1, ఆట 83వ నిమిషం. సెల్మా బాషా కార్నర్ కొట్టింది. దూరపు గోల్‌పోస్ట్ దగ్గర రెనార్‌ని బ్రెజిల్ వాళ్లు ఎలా వదిలేశారో ఇప్పటికీ అర్థం కాదు. తలతో కిందికి ఒక్క పోటు, 2-1. బాషా కూడా లియోన్ అమ్మాయే మరి.

ఇక బ్రాంజ్. తిరిగే కాలు ఊరుకోదంటారు గానీ, ఈమె సరదాకి తిరగలేదు. ఇంగ్లండ్‌లో పన్నెండేళ్లు దాటాక అబ్బాయిల జట్టులో ఆడకూడదన్న రూల్ వల్ల సొంతూరి జట్టు వదలాల్సి వచ్చింది. ఎవర్టన్‌కి ఆడే రోజుల్లో చదువుకుంటూ, పిజ్జా షాపులో పనిచేసింది. ‘ఒకే క్లబ్బును నమ్ముకో’ అని అప్పుడెవరైనా చెప్పుంటే, నమ్ముకోవడానికి జీతమేదీ? లివర్‌పూల్‌తో 2013, 2014 లీగ్ టైటిళ్లు, మాంచెస్టర్ సిటీతో 2016ది. 2017లో లియోన్ వెళ్లి మూడు సీజన్లలో మూడు చాంపియన్స్ లీగ్‌లు. 2019లో యూరప్ ఫుట్‌బాల్ సంఘం యూఈఎఫ్ఏ ఇచ్చే ఉత్తమ క్రీడాకారిణి అవార్డు అందుకున్న మొదటి డిఫెండర్ ఆమే. బార్సిలోనాతో మరో రెండు కప్పులు, తర్వాత చెల్సీ.

రైట్ బ్యాక్‌కి తిరుగుడు పనికొస్తుంది. ముందున్న వింగర్ (అంచున ఆడే దాడి క్రీడాకారిణి) లోపలికి వెళితే తను సైడ్ లైన్ వెంట పరుగెత్తాలి, వింగర్ సైడ్ లైన్ పట్టుకుంటే తను లోపలికి రావాలి. ఇన్ని రకాల జట్లలో ఆడితే అన్నీ అలవాటవుతాయి. కానీ ఖర్చూ ఉంది. ఆమె మోకాలికి సర్జరీలు ఒకటి రెండు కావు. కొత్త ఊళ్లో కొత్త భాష, కొత్త డాక్టరు, మళ్లీ జట్టులో చోటు కోసం టెన్షన్. 2025 యూరోలో (యూరప్ దేశాల కప్పు) ఇంగ్లండ్ తరఫున స్వీడన్‌తో పెనాల్టీ షూటౌట్‌లో తన తొడకి తనే పట్టీ చుట్టుకుని వెళ్లి గోల్ కొట్టింది. ఆ టోర్నీ మొత్తం కాలి ఎముక విరిగే ఆడిందని ఫైనల్ గెలిచాక గానీ బయటపడలేదు. మెచ్చుకుంటాను, కానీ మా ఇంటి పిల్ల అలా ఆడతానంటే మాత్రం ఒప్పుకోను.

నా ఓటు బ్రాంజ్ దారికే. రెనార్ దారి చెడ్డదని కాదు. ఆమె చేరిన క్లబ్ 2007 నుంచి 2020 దాకా వరసగా 14 ఫ్రెంచ్ లీగ్‌లు గెలిచిన క్లబ్. అప్పటి అధ్యక్షుడు జాన్ మిషెల్ ఓలాస్ అమ్మాయిల జట్టు మీద చాలామంది కంటే ముందే డబ్బు పెట్టాడు. అలాంటి మొదటి గడప దొరికితే కదలొద్దు. ఎంతమందికి దొరుకుతుంది? మన నిజామాబాద్ వైపు నుంచి వచ్చిన గుగులోత్ సౌమ్య డిఫెండర్ కాదు, వింగర్. కేరళలోని గోకులం క్లబ్ నుంచి క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్‌కి వెళ్లింది. ఇక్కడి అమ్మాయిలకు కనిపించే దారి కూడా ఇదే. అడిగితే వెళ్లమనే చెబుతాను. సంతకం పెట్టేముందు, మోకాలికి సర్జరీ అయితే జీతం ఆగుతుందా లేదా అన్న లైన్ మాత్రం రెండుసార్లు చదువుకోమంటాను.